కథ వాళ్ళది, మాటలు ఎవరివి?

1970ల నాటి తెలుగు సినిమాల టైటిల్స్‌ని ఒకసారి జాగ్రత్తగా చూడండి. మూలకథ దగ్గర చాలాసార్లు ఒక స్త్రీ పేరు కనిపిస్తుంది. ఆ తర్వాత చిత్రానువాదం, మాటలు, పాటలు, సంగీతం, ఛాయాగ్రహణం, నిర్మాత, దర్శకుడు అంటూ వరసగా పేర్లు వస్తాయి. మొదటి పేరు తప్ప మిగతావన్నీ దాదాపు మగవాళ్ళవే. జనం ఇంకా చీకట్లో సీట్లు వెతుక్కుంటూండగానే ఆ మొదటి పేరు దాటిపోతుంది. సుమారు ఇరవై ఏళ్ళపాటు తెలుగు సినిమా స్త్రీలు రాసిన నవలల మీద బతికింది. మరి ఆ స్త్రీలలో సినిమాకి మాటలు రాసే కుర్చీలో కూర్చున్న వాళ్ళెంతమంది? ఇది సాహిత్య చరిత్ర రాసేవాళ్ళకు వదిలేయదగ్గ ప్రశ్న కాదని నా అభిప్రాయం. కర్నూలు, కడప జిల్లాల్లో స్త్రీల మధ్య పనిచేస్తున్న మనకు కూడా అది నేరుగా తగులుతుంది. ఎట్లా తగులుతుందో చెప్పేముందు ఒక రచయిత్రి జీవితం దగ్గర కొంచెంసేపు ఆగాలి.

యద్దనపూడి సులోచనారాణి కృష్ణా జిల్లా మొవ్వ దగ్గరి కాజ గ్రామంలో పుట్టింది. 1950లలోనే కథలు రాయడం మొదలుపెట్టింది. పెళ్ళి తర్వాత హైదరాబాదు చేరింది. 1960ల మధ్యలో ‘జ్యోతి’ మాసపత్రికలో సీరియల్‌గా వచ్చిన ‘సెక్రటరీ’ ఆమెను ఇంటింటి పేరు చేసింది. ఆ తర్వాత పదులకొద్దీ నవలలు రాసింది. పత్రికలు ఆమె సీరియల్ ఉందని చెప్పుకుని సర్క్యులేషన్ పెంచుకున్నాయి, ప్రచురణకర్తలు పునర్ముద్రణల మీద పునర్ముద్రణలు వేసుకున్నారు. సినిమా వాళ్ళూ వెనకబడలేదు. ‘విజేత’ నవల ‘విచిత్ర బంధం’ (1972) అయింది. ‘మీనా’ (1973), ‘జీవన తరంగాలు’ (1973), ‘సెక్రటరీ’ (1976), ‘ప్రేమలేఖలు’ (1977), ‘చండీప్రియ’ (1980), ‘అగ్నిపూలు’ (1981) వరసగా తెరకెక్కాయి. 2018 మే నెలలో కాలిఫోర్నియాలో కూతురి దగ్గర ఉండగా ఆమె కన్నుమూసింది. అప్పుడు పత్రికలన్నీ ‘నవలారాణి’ అని రాశాయి. బతికి ఉన్నంతకాలం సీరియస్ విమర్శకులు ఆమె గురించి రాసిన పేజీలు లెక్కపెడితే వేళ్ళు మిగిలిపోతాయి.

ఆ నిశ్శబ్దానికి కారణం మనకు తెలుసు. అభ్యుదయ విమర్శ ఆమె నవలల్ని ‘పలాయనవాదం’ అని కొట్టిపారేసింది. ఆరడుగుల అందగాడు, కారు, మేడ, చివరకు పెళ్ళి. వంటింట్లో మగ్గే ఆడవాళ్ళను పగటికలల్లో ముంచుతున్నారని విసుగు. ఈ విసుగులో నిజం లేకపోలేదు. కానీ దాని వెనక చదివే ఆడవాళ్ళ మీద చిన్నచూపు కూడా ఉంది. చదివేవాళ్ళు ఆ నవలల్లోంచి ఏం తీసుకుంటున్నారో వాళ్ళను అడిగిన విమర్శకుడు నాకు ఇంతవరకు కనబడలేదు.

నేను పరిశోధన కోసం కర్నూలు, నంద్యాల, ప్రొద్దుటూరు పట్టణాల్లో అరవై దాటిన ఆడవాళ్ళతో మాట్లాడుతున్నప్పుడు ఈ నవలల ప్రస్తావన అడక్కుండానే వచ్చేది. 1971 జనాభా లెక్కల ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో అక్షరం తెలిసిన స్త్రీలు నూటికి 16 మంది కూడా లేరు. కరువు సీమలో చదువుకున్న ఆడపిల్ల అంటే అప్పట్లో వీధికొకరు. ఆ ఒక్కరు చదివి చెబితే నలుగురు వినేవాళ్ళు. అద్దె పుస్తకాల షాపు నుంచి తమ్ముడి చేత తెప్పించుకోవడం, ఆ రాత్రికే పూర్తిచేసి తెల్లారి పక్కింటికి ఇవ్వడం, మామగారి అలికిడి వినబడితే పుస్తకాన్ని బియ్యం డబ్బాలో దాచడం అందరూ చెప్పిన సంగతులే. ప్రొద్దుటూరులో మా పెద్దమ్మ అయితే ‘సెక్రటరీ’లో జయంతి ఉద్యోగానికి వెళ్ళే మొదటిరోజు ఏ చీర కట్టుకుందో డెబ్బై ఏళ్ళ వయసులో కూడా చెప్పేది. అది నవలలో ఉన్నదో, ఆమె కల్పించుకున్నదో నేను సరిచూడలేదు. సరిచూడాలని అనిపించలేదు కూడా.

వాళ్ళకు గుర్తున్నది రాజశేఖరం కాదు. ఇది నన్ను ఆశ్చర్యపరిచిన విషయం. జయంతికి జీతం వస్తుంది, ఇంట్లో బామ్మను ఆమే పోషిస్తుంది, యజమాని డబ్బున్నవాడైనా మాట పడదు, అవమానం జరిగితే లేచి వెళ్ళిపోతుంది. ఆడపిల్ల లేచి వెళ్ళిపోవచ్చు అనే ఊహ వాళ్ళకు గుర్తుంది. పెళ్ళైన ఇంట్లోంచి బావి దాకా వెళ్ళడానికి అత్త అనుమతి కావలసిన రోజుల్లో ఆ ఊహ చిన్నదేమీ కాదు. నవల చివరికి ఆమెను మళ్ళీ మేడలోకే చేర్చింది, నిజమే. కానీ పాఠకురాలు నవలను చివరి పేజీ నుంచి మొదలుపెట్టి గుర్తుపెట్టుకోదు.

అయితే సులోచనారాణిని స్త్రీవాదిగా నిలబెట్టే ప్రయత్నం నేను చేయడం లేదు. ‘విజేత’ ఉంది. కాలేజీ కక్షతో ఒకడు ఒక అమ్మాయిని ఎత్తుకుపోయి, స్పృహలో లేనప్పుడు బలాత్కరిస్తాడు. ఆమె గర్భవతి అవుతుంది. ఆ తర్వాత కథంతా అతని పశ్చాత్తాపం, ఆమె మనసు కరగడం. చివరికి వాళ్ళిద్దరూ ఒకటవుతారు. సినిమా దానికి ‘విచిత్ర బంధం’ అని పేరు పెట్టి, పాటలు కలిపి, ఇంకా తీయగా తయారుచేసింది. అత్యాచారం చేసినవాడికే ఇచ్చి పెళ్ళిచేసి రాజీ కుదిర్చే పంచాయితీలు మన మండలాల్లో ఎన్ని జరిగాయో మీకు నేను చెప్పనక్కర్లేదు. ఆ పెద్దమనుషుల తర్కానికి, ఈ కథకు మధ్య దూరం ఎంత? ఒక స్త్రీ రాసిందన్న కారణంతో దీన్ని మినహాయించలేం.

మరి ఈ రెంటినీ ఒకే మనిషి ఎట్లా రాసింది? నా ఉద్దేశంలో ఆమె రాసిన మార్కెట్టు ఆమెది కాదు. సీరియల్‌కు వారం వారం ఉత్తరాలు, ఎడిటర్ తొందర, సినిమా వాళ్ళ ముందస్తు బేరం. ఆ లోపల ఆమె ఎంత జాగా చేసుకోగలదో అంత చేసుకుంది. ఆడవాళ్ళ పేరు మీద రాస్తే పత్రికలు అమ్ముడుపోతాయని మగ రచయితలు కూడా ఆడపేర్లు పెట్టుకున్న కాలమది. ‘ఇల్లాలి ముచ్చట్లు’ రాసిన పురాణం సీత ఎవరు? పురాణం సుబ్రహ్మణ్యశర్మ. ఇంగ్లండులో మేరీ ఆన్ ఎవాన్స్ అనే స్త్రీ తన రచనలను గంభీరంగా చదవాలంటే జార్జ్ ఎలియట్ అని మగపేరు పెట్టుకోవలసి వచ్చింది. ఇక్కడ మగవాళ్ళు ఆడపేరు పెట్టుకున్నారు. తేడా ఏమిటంటే అక్కడ ఆమెకు కావలసింది గౌరవం, ఇక్కడ వీళ్ళకు కావలసింది అమ్మకం.

జార్జ్ ఎలియట్ మాట వచ్చింది కాబట్టి ఇంకో సంగతి. ఆమె నవల ‘సైలస్ మార్నర్’ ఆధారంగానే 1955లో ‘బంగారు పాప’ వచ్చింది. తీసినవాడు మన కడప జిల్లా పులివెందుల ప్రాంతం వాడు బి.ఎన్.రెడ్డి. రాసినవాడు పాలగుమ్మి పద్మరాజు. కథకుడూ, నవలాకారుడూ అయిన పద్మరాజు ‘గాలివాన’తో ప్రపంచ కథల పోటీలో బహుమతి పొందిన కొద్దికాలానికే సినిమాకు వెళ్ళాడు, తర్వాత కూడా సినిమాలకు రాశాడు. నవల రాసిన మగవాడికి మద్రాసు వెళ్ళే దారి ఉంది. దర్శకుడితో హోటల్ గదిలో రాత్రంతా కూర్చుని కథ చర్చించవచ్చు, స్టూడియోలో తిరగవచ్చు, డైలాగు మారిస్తే తగవు పెట్టుకోవచ్చు. స్క్రీన్‌ప్లే రాయడమంటే కేవలం కలం పని కాదు. అది ఆ గదిలో ఉండటం.

ఆ గదిలోకి మన రచయిత్రులు వెళ్ళలేదు, లేదా వాళ్ళను పిలవలేదు. డాక్టర్ పి.శ్రీదేవి ‘కాలాతీత వ్యక్తులు’ 1957-58లో ‘తెలుగు స్వతంత్ర’లో వచ్చింది. అందులో ఇందిర తెలుగు నవలలో అంతవరకు లేని మనిషి. మంచిదీ కాదు, చెడ్డదీ కాదు, తన బతుకు తాను లెక్క వేసుకునే మనిషి. దాని ఆధారంగా 1963లో ఆదుర్తి సుబ్బారావు ‘చదువుకున్న అమ్మాయిలు’ తీశాడు. హాయిగా చూడదగ్గ సినిమాయే. కానీ ఇందిరలోని ఆ పదును అక్కడ లేదు. నా మీద దాడి చేసేవాళ్ళు ఉంటారని తెలిసే చెబుతున్నాను, ఆ సినిమాలో సావిత్రి ఉన్నా ఇందిర లేదు. ఆ మార్పును శ్రీదేవి ఏమనేదో మనం ఊహించుకోవలసిందే. అప్పటికి రెండేళ్ళ ముందే, 1961లో, ముప్పై రెండేళ్ళ వయసులో ఆమె చనిపోయింది.

కోడూరి కౌసల్యాదేవి సంగతి ఇంకా విచిత్రం. ఆమె ‘చక్రభ్రమణం’ నవల ‘డాక్టర్ చక్రవర్తి’ (1964) అయింది, రాష్ట్ర ప్రభుత్వం నంది అవార్డులు మొదలుపెట్టినప్పుడు ఉత్తమ చిత్రంగా బంగారు నంది అందుకుంది. ఆ సినిమాతోనే గొల్లపూడి మారుతీరావు సినిమా రచయిత అయ్యాడు. ఒక స్త్రీ నవల ఒక మగ రచయితకు సినిమా తలుపు తెరిచింది, ఆమె మాత్రం గడప బయటే ఉండిపోయింది. ఇందులో గొల్లపూడి తప్పేమీ లేదు. తలుపు ఎవరి కోసం తెరుచుకునేట్లు కట్టారన్నదే ప్రశ్న. ఆమె ‘ప్రేమనగర్’ 1971లో ఎంత డబ్బు తెచ్చిందో, రామానాయుడి సంస్థను ఎట్లా నిలబెట్టిందో సినిమా వాళ్ళు ఇప్పటికీ కథలుగా చెబుతారు. తమిళంలో ‘వసంత మాళిగై’, హిందీలో మళ్ళీ ‘ప్రేమ్ నగర్’ వచ్చాయి. జనం నోట నిలిచినవి ఆత్రేయ మాటలు. అవి గొప్ప మాటలే, కాదనను. కానీ తాగుబోతు జమీందారు తన బాధ చెప్పుకోవడానికి అన్ని మాటలు దొరికాయి, ఉద్యోగానికి వచ్చిన లతకు ఎన్ని దొరికాయి? ఒకసారి సినిమా పెట్టుకుని లెక్కపెట్టండి. నవల నుంచి తెరకు వచ్చేసరికి కథ కేంద్రం ఆమె దగ్గర్నుంచి అతని దగ్గరకు జరుగుతుంది. ఎందుకంటే టికెట్టు తెగేది హీరో పేరు మీద. ఒకటి రెండు మినహాయింపులు తప్పితే ఈ నవలా చిత్రాలన్నింటికీ ఇదే జరిగింది.

‘మీనా’ ఆ మినహాయింపుల్లో ఒకటి కావడానికి కారణం లేకపోలేదు. అది విజయనిర్మల తెలుగులో దర్శకత్వం వహించిన తొలి చిత్రం. అహంకారపు తల్లి పెంపకం నుంచి తప్పించుకుని తన దారి వెతుక్కునే అమ్మాయి కథను ఒక స్త్రీ రాస్తే ఇంకో స్త్రీ తీసింది, తానే నటించింది. 2016లో ‘అ ఆ’ వచ్చినప్పుడు అందులో ‘మీనా’ నవల పోలికలు పాఠకులు ఇట్టే పట్టుకున్నారు, మూల రచయిత్రి పేరు విషయం మీద పత్రికల్లో చర్చ కూడా నడిచింది. నలభై ఏళ్ళు దాటాక కూడా ఆమె పేరు గురించి అడగాల్సి వచ్చింది అన్నమాట.

తెలుగులో వీలుకాలేదంటే ఎక్కడా వీలుకాలేదని కాదు. ఉర్దూలో ఇస్మత్ చుగ్తాయ్ ఉంది. ‘లిహాఫ్’ కథకు లాహోరు కోర్టు బోనెక్కిన ఆమె తర్వాత బొంబాయి సినిమాకు ‘జిద్దీ’ (1948), ‘ఆర్జూ’ (1950) రాసింది. దేశ విభజన నాటి ఆగ్రా ముస్లిం కుటుంబం మీద తీసిన ‘గరమ్ హవా’ (1973) ఆమె కథే. భర్త షాహిద్ లతీఫ్ దర్శకుడు కావడంతో ఆ గదిలోకి దారి కొంత సులువైందని చెప్పాలి. రూత్ ప్రవర్ జాబ్‌వాలా ఢిల్లీలో కాపురం చేస్తూ నవలలు రాసింది, తన ‘హీట్ అండ్ డస్ట్’ నవలకు తానే స్క్రీన్‌ప్లే రాసుకుంది, రెండుసార్లు స్క్రీన్‌ప్లేకు ఆస్కార్ తీసుకుంది. హాలండులో మార్లీన్ గోరిస్ 1982లో తొలి సినిమాకే తానే రాసుకుని తానే దర్శకత్వం వహించింది. ఒకరికొకరు పరిచయం లేని ముగ్గురు మామూలు ఆడవాళ్ళు ఒక బట్టల కొట్టు యజమానిని చంపడం, వాళ్ళెందుకు చంపారో కోర్టుకు అర్థం కాకపోవడం అందులో కథ. కోర్టులో ఆడవాళ్ళందరూ పగలబడి నవ్వుతారు. ఆ నవ్వును మగ రచయిత ఎవరైనా స్క్రిప్టులో ఉంచేవాడా అని నాకు అనుమానం. మనకు భానుమతి ఉంది. 1953లోనే ‘చండీరాణి’ మూడు భాషల్లో తీసింది, ‘అత్తగారి కథలు’ రాసింది. కానీ ఆమెకు సొంత స్టూడియో ఉంది. స్టూడియో లేనివాళ్ళకు? ‘అలా మొదలైంది’ని నందినీరెడ్డి తానే రాసుకుని తీసేనాటికి 2011 వచ్చింది.

ఇక మన సీమ దగ్గరకు వద్దాం. తెలుగు సినిమాకు పునాది వేసినవాళ్ళలో చాలామంది ఇక్కడివాళ్ళు. బి.ఎన్.రెడ్డి, ఆయన తమ్ముడు నాగిరెడ్డి కడప జిల్లావాళ్ళు. కె.వి.రెడ్డిది పక్కనే తాడిపత్రి. అయినా వాళ్ళ సినిమాల్లో మన నేల కనబడదు. ‘మల్లీశ్వరి’లో రాయలవారి వైభవం ఉంది, కరువు లేదు. నేల కనబడటం మొదలైంది 1990ల చివర్లో. ఎట్లా కనబడిందో అందరికీ తెలుసు. ‘సమరసింహారెడ్డి’ (1999), ‘నరసింహనాయుడు’ (2001), ‘ఇంద్ర’ (2002). పరుచూరి సోదరుల మాటలు, గాల్లో లేచే సుమోలు, కత్తులు, బాంబులు. ‘ఒక్కడు’ (2003)లో కర్నూలు కొండారెడ్డి బురుజు దగ్గర హీరో విలన్‌ను కొడతాడు. హైదరాబాదు, విజయవాడ హాస్టళ్ళలో మన ఆడపిల్లలను ‘మీ ఊళ్ళో బాంబులేస్తారటగదా’ అని అడగడం ఆ సినిమాల తర్వాతే ఎక్కువైంది.

ఫ్యాక్షన్ లేదని కాదు. ఉంది, చంపింది, ఊళ్ళకు ఊళ్ళను ఖాళీ చేయించింది. కానీ ఆ సినిమాల్లో మన ఆడవాళ్ళు ఏం చేస్తారో చూడండి. తెల్లచీర కట్టుకుని ఏడుస్తారు, పగ తీర్చుకోమని కొడుక్కి బొట్టు పెడతారు, లేదంటే శత్రువు ఇంట్లోంచి హీరో ఎత్తుకొచ్చే సరుకు అవుతారు. ఇంకో విశేషం, సీమ యాస విలన్లకూ, వాళ్ళ మనుషులకూ, ఎప్పుడైనా హీరో కోపానికీ మాత్రమే దొరుకుతుంది. హీరోయిన్‌కు దొరకదు, ఆమె కోస్తా భాష మాట్లాడుతుంది. తల్లికి దొరికితే ఏడుపులోనే దొరుకుతుంది. మన భాషలో ఆడది ఆలోచిస్తున్నట్టు, బేరమాడుతున్నట్టు, పరాచికాలాడుతున్నట్టు ఆ సినిమాలకు తెలియదు. 2018లో ‘అరవింద సమేత’ వచ్చింది. కత్తి దింపాలని చెప్పే బాధ్యత అందులో ఆడవాళ్ళకు ఇచ్చారు, జేజి అనే మాట తెర మీద వినబడింది. మెరుగే. కానీ ఆ సలహా విని అమలు చేసేవాడే కథకు నాయకుడు. ఫ్యాక్షన్‌లో మొగుడు పోయిన ఆడమనిషి ఆ తర్వాత ఇరవై ఏళ్ళు పొలం ఎట్లా సేద్యం చేసింది, కోర్టు వాయిదాలకు ఎవరి బండెక్కి పోయింది, కొడుకును ఊరు దాటించడానికి ఏ బంధువు కాళ్ళు పట్టుకుంది అనే కథ ఇప్పటికీ తెర మీద రాలేదు. ఆ కథ తెలిసినవాళ్ళు ఆ గదిలో లేరు.

బద్వేలు దగ్గర గోపవరం మొల్లది అని చెప్పుకుంటాం. కడపజిల్లా ఆడది రామాయణం రాసింది అని సభల్లో చెప్పుకుని చప్పట్లు కొట్టుకుంటాం. మొల్ల తర్వాత ఎవరు అని అడిగితే చాలాసేపు ఆలోచిస్తాం.

ఇంతవరకు సినిమా వాళ్ళను అన్నాను. ఇప్పుడు మన వంతు.

మన సంస్థల్లో ‘కేస్ స్టడీ’ అని ఒకటి ఉంటుంది. ‘సక్సెస్ స్టోరీ’ అని దాని చెల్లెలు ఉంటుంది. వార్షిక నివేదికలో, నిధులిచ్చేవాళ్ళకు పంపే ఫైలులో, ఈమధ్య చిన్న వీడియోలలో ఇవి తప్పనిసరి. కర్నూలు పడమటి మండలాల నుంచి గుంటూరు మిరప కోతలకు సుగ్గికి పోయే తల్లి, అప్పులపాలై పురుగుమందు తాగిన రైతు భార్య, బాల్యవివాహం తప్పించుకున్న పిల్ల, పొదుపు సంఘం లీడరు. వాళ్ళ దగ్గర కూర్చుంటాం, వింటాం, రాసుకుంటాం. తర్వాత ఆఫీసులో దాన్ని ‘తయారు’ చేస్తాం. మొదటి సగంలో కష్టాలు. ఇంటర్వెల్ దగ్గర సంస్థ ప్రవేశం. రెండో సగంలో శిక్షణ, చైతన్యం, రుణం, గేదె. చివర్లో చిరునవ్వు ఫొటో. ఇది స్క్రీన్‌ప్లే కాకపోతే మరేమిటి? కథ: కోసిగి మండలం ఆమె. చిత్రానువాదం, మాటలు: మనం. ఆమె పేరు కూడా చాలాసార్లు ఉండదు, ‘గోప్యత కోసం పేరు మార్చబడింది’. గోప్యత అవసరమైన చోట్లు ఉన్నాయి, హింస కేసుల్లో తప్పనిసరి. కానీ మార్చాలో వద్దో ఆమెను అడిగామా?

ఒక ఊళ్ళో ఇట్లాంటి నివేదికను నేను ఆమెకే చదివి వినిపించాను. పదిహేనేళ్ళుగా సుగ్గికి పోతున్న మనిషి. అంతా విని, ‘నేను ఏడ్సలేదు గదా మేడం, ఏడ్సినట్ల రాసినారేమి?’ అంది. మిరప చేలో మేస్త్రీతో కూలి కోసం ఎట్లా జగడమాడిందో, లారీ డ్రైవరు దగ్గర చార్జీ ఎట్లా తగ్గించిందో ఆమె అరగంట చెప్పింది. అది నివేదికలో రెండు పంక్తులు కూడా లేదు. ఆమె బిడ్డ బడి మానేసిన సంగతి చెబుతున్నప్పుడు గొంతు మారిందట, అది పేజీన్నర ఉంది. ఎవరో దాన్ని మంచి మనసుతోనే రాశారు, అందులో నాకు సందేహం లేదు. ‘విచిత్ర బంధం’ తీసినవాళ్ళ మనసు కూడా చెడ్డదని నేను అనలేదు.

నిధులిచ్చేవాళ్ళు అట్లాగే అడుగుతారు, ఏం చేస్తాం అని సహోద్యోగులు అంటారు. హీరో లేకపోతే పంపిణీదారులు కొనరు అని నిర్మాతలు కూడా ఇట్లాగే అనేవాళ్ళు. ఇంకొందరు, వాళ్ళకు రాయడం రాదు కదా, మనం రాయకపోతే ఆ కథ అసలు బయటికే రాదు కదా అంటారు. ఇది ఆలోచించవలసిన అభ్యంతరమే. 1991 నాటికి కూడా మన రాష్ట్రంలో అక్షరాస్యులైన స్త్రీలు నూటికి 33 మందే. పడమటి మండలాల్లో అప్పటికి యాభై దాటిన ఆడవాళ్ళలో సంతకం చేయగలిగినవాళ్ళే తక్కువ. కానీ రాయడం రాకపోవడం, కథ చెప్పడం రాకపోవడం ఒకటి కాదు.

మన పక్క జిల్లా నెల్లూరులో 1992లో జరిగింది గుర్తుచేసుకోండి. అక్షరాస్యత ఉద్యమం వాచకంలో ‘సీతమ్మ కథ’ అని ఒక చిన్న పాఠం ఉండేది. దూబగుంట ఆడవాళ్ళు దాన్ని చదివారు, ఇది మా కథే అన్నారు, వెళ్ళి సారాకొట్టు మూయించారు. ఆ గాలి కర్నూలు, కడప, చిత్తూరు జిల్లాలకూ పాకింది. 1993 అక్టోబర్ 1 నుంచి రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది. ఆ పాఠం రాసినవాళ్ళు దాన్ని సుఖాంతం చేసి ఉండవచ్చు, దుఃఖాంతం చేసి ఉండవచ్చు, దానితో పని లేకుండా ఆడవాళ్ళు ముగింపు తామే రాసుకున్నారు. రాతలో కాదు, వీధిలో.

చిత్తూరు జిల్లాలో 2001లో ‘నవోదయం’ పత్రిక మొదలైంది. పొదుపు సంఘాల స్త్రీలే విలేకరులు, వాళ్ళే రాసి, వాళ్ళే ఊరూరా పంచారు. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల దళిత స్త్రీలు, బడి మొహం చూడని వాళ్ళు, వీడియో కెమెరా పట్టుకున్నారు. తమ విత్తనాల గురించి, పత్తి రైతుల గురించి తామే సినిమాలు తీశారు. 2008లో సంఘం రేడియో నడపడం మొదలుపెట్టారు. కెమెరా ఎంత ఎత్తున పెట్టాలి అన్నది కూడా వాళ్ళు చర్చించుకున్న విషయమే. పటేలు కింద కూర్చున్న కూలివాణ్ణి చూసే ఎత్తు నుంచి తీయకూడదు అని వాళ్ళకు ఎవరూ సిద్ధాంతం చెప్పనక్కర్లేదు. మన ఉమ్మడి కర్నూలు జిల్లాలో ఓర్వకల్లు పొదుపు సంఘాలను చూడటానికి 1990ల చివరి నుంచి దేశదేశాల వాళ్ళు వచ్చి వెళ్ళారు. ఎందరో రాశారు, ఎందరో తీశారు. ఆ సంఘాల ఆడవాళ్ళు తమ చరిత్రను తమ యాసలో తామే చెప్పిన పుస్తకం మన ప్రతి ఆఫీసు అలమారాలో ఉండవలసిన మాట.

ఇది డబ్బుకు సంబంధించిన విషయం కూడా. నవల హక్కులకు సులోచనారాణికి ఎంతో కొంత ముట్టింది, టైటిల్స్‌లో పేరైనా వచ్చింది. ఒక డాక్యుమెంటరీ కోసం మూడు రోజులు కూలి మానుకుని కెమెరా ముందు పొయ్యి వెలిగించి, ఆర్పి, మళ్ళీ వెలిగించిన ఆడమనిషికి ఎంత ముట్టింది? ఆ మూడు రోజుల కూలిని బడ్జెట్‌లో ఒక పద్దుగా చూపిన ప్రాజెక్టులు ఎన్ని? ‘సమాజ భాగస్వామ్యం’ అనే పద్దు కింద ఆమె కష్టం సంస్థ ఇచ్చిన వాటాగా లెక్క చూపడం మాత్రం బాగా తెలుసు.

ఆమెకు చదివి వినిపించకుండా ఏ కథా ఆఫీసు గడప దాటకూడదని, ఆమె వద్దన్న వాక్యం తీసేయాలని, ఆమె యాసను దిద్ది పుస్తక భాష చేయకూడదని, పోయిన ఏడాది మేం కొన్ని సంస్థల వాళ్ళం కలిసినప్పుడు నేను ప్రతిపాదించాను. మొదటి రెండూ ఒప్పుకున్నారు. మూడోదాని మీద పెద్ద చర్చ జరిగింది. యాసలో రాస్తే ఢిల్లీలో అనువదించేవాళ్ళకు అర్థం కాదని ఒకరు, చదువురానివాళ్ళలా చూపించినట్టవుతుందని మన సీమ అమ్మాయే ఇంకొకరు అన్నారు. ఆ రెండో అభ్యంతరం నన్ను ఇప్పటికీ వదలడం లేదు. ఇరవై ఏళ్ళ ఫ్యాక్షన్ సినిమాలు మన భాషను మనకే ఎట్లా చేదు చేశాయో ఆ పిల్ల మాటలో ఉంది. సమ్మతి పత్రంలో ‘ఈ కథ హక్కుదారు’ అని ఒక వరస చేర్చి అక్కడ చెప్పినామె పేరు రాయాలన్న ప్రతిపాదన ఇంకా తేలలేదు. దానిమీద మాట్లాడుకోవడానికి వచ్చే నెల నంద్యాలలో మళ్ళీ కూర్చుంటున్నాం. ఈసారి ‘ఏడ్సలేదు గదా’ అన్నామెను కూడా పిలిచాం. సుగ్గి నుంచి అప్పటికి తిరిగొస్తే వస్తానంది.